కళ్ళు తెరవని సిపాయి

మా ఇంట్లో తోలుబొమ్మలు చెక్కేది మగవాళ్ళు, కళ్ళు తెరిచేది ఆడవాళ్ళు. సన్న ఉలితో కళ్ళు పొడిచేదాకా బొమ్మ తెరమీదికి ఎక్కదు. మా అత్తగారి తరవాత ఆ ఉలి నా చేతికి వచ్చింది. ఇన్నేళ్ళలో నేను కళ్ళు తెరవనని ఆపిన బొమ్మ ఒక్కటే, మా అబ్బాయి గంగయ్య చెక్కిన సిపాయి.

ఉత్తరాదిని సిపాయీలు తిరగబడ్డప్పుడు, వాళ్ళను అణచడానికి కుంపిణీ మన వైపు వాళ్ళను కూడా తీసుకుపోయింది. కొత్తపేట బంగారరాజుగారు హవల్దారుగా వెళ్ళి, ఎడమచేతికి రెండు వేళ్ళు పోగొట్టుకుని తిరిగి వచ్చారు. అక్కడ మనవాళ్ళు ఏం చేశారో ఊళ్ళో ఎవరూ అడగలేదు. మావాడు నెల్లాళ్ళు ఆయన అరుగుమీద కూర్చుని అడిగాడు. ఒక పల్లెలో తిరగబడ్డవాళ్ళు దొరక్కపోతే, నూతి దగ్గర కనిపించిన ముసలివాళ్ళను వరసగా నిలబెట్టి కాల్చామని ఆయన చెప్పారట. ఆ నుయ్యి, ఆ ముసలివాళ్ళు, తుపాకీ పట్టిన సిపాయి, అన్నీ మావాడు మేకతోలుమీద చెక్కాడు. సిపాయి ఎడమచేతికి మూడే వేళ్ళు పెట్టాడు.

దాన్ని వాడపల్లి తీర్థంలో ఆడతాడట. తీర్థానికి ఠాణా బంట్రోతులు రాకుండా ఉంటారా? వాణ్ణి సంకెళ్ళు వేసి రాజమహేంద్రవరం నడిపించుకుపోతున్నట్టే నాకు కనిపించేది. రాముడి కథ ఆడుకోరా నాయనా అని బతిమాలాను.

"రావణుడు ఏం చేసేడో అందరికీ తెలుసమ్మా. ఇదెవరికీ తెలీదు" అన్నాడు.

ఉలి పోయిందని అబద్ధమాడి బియ్యం కుండలో దాచాను. అదీ చాలదనిపించింది. హవల్దారుగారి భార్య పైడమ్మగారి దగ్గరకు వెళ్ళి, మీ ఆయన నూతి దగ్గర ముసలివాళ్ళను కాల్చినట్టు మావాడు బొమ్మ చేశాడు, ఎలాగైనా ఆపించండి అని చెప్పాను. ఆవిడ మొహం తెల్లబోయింది. కొడుకును కాపాడబోయి నేనే పట్టించానేమో అని, తిరిగివచ్చే దారిలో తట్టింది.

మర్నాడు పొద్దున్నే హవల్దారుగారు చేతికర్రతో వచ్చారు. గంగయ్య తోళ్ళకోసం ఆత్రేయపురం వెళ్ళాడు. వాడు లేనందుకు దేవుడికి దణ్ణం పెట్టుకున్నాను.

"బొమ్మ తియ్యండమ్మా."

"కుర్రాడు తెలియక చేసేడండి. గోదాట్లో కలిపేస్తానండి" అన్నాను. పనికిరాని బొమ్మలను మేం గోదావరిలోనే వదులుతాం.

ఆయన బొమ్మను వెలుగుకెత్తి, మూడు వేళ్ళనూ తడిమి చూశారు.

"కళ్ళేవండీ?"

"తెరవలేదండి."

"ఆ వేళ నేను కళ్ళు మూసుకోలేదమ్మా. గురి చూడాలి కదండీ."

ఆయన పీటమీద కూర్చుని, రెండేళ్ళుగా ఏమీ అడగని పైడమ్మ నిన్న అడిగిందనీ, నిజమేనని చెబితే రాత్రి అన్నం పెట్టలేదనీ అన్నారు.

"తెరవండి. చూసి వెళ్తాను."

బియ్యం కుండలోంచి ఉలి తీశాను. మొదటి కన్ను సరిగ్గానే పడింది. రెండోదానికి ఉలి జారి చిల్లు పెద్దదైపోయింది. ఆయన చూసి, "ఆయ్" అని లేచారు. తీర్థంలో ముందు వరసలో కూర్చుంటానన్నారు. బంట్రోతులు అడిగితే తనను చూపించమన్నారు.

ఆయన్ని చూపిస్తే మావాణ్ణి వదిలేస్తారని ఏమిటి నమ్మకం? ఒక పంచె, ఒక దుప్పటి, కాసిని అటుకులు మూటకట్టి బొమ్మల పెట్టెలో అడుగున పెట్టాను. పట్టుకుపోయేటప్పుడు ఇంటిదాకా రానివ్వరు కదా. పైన సిపాయిని పడుకోబెట్టి మూత వేస్తుంటే, ఆ పెద్ద కన్ను నావైపే ఉంది.