ఆదివారం హాజరు

వెంకటనారాయణ మాస్టారికి ఓపెన్ యూనివర్సిటీ డిగ్రీ అంటే నమ్మకం లేదు. ఆయన పెనుబల్లి నుంచి రోజూ సైకిలు తొక్కుకుంటూ సత్తుపల్లి వెళ్ళి కాలేజీలో చదివినవాడు. కడుపులో చల్ల కదలకుండా ఇంట్లో కూర్చుని చదివినవాళ్ళు తన పక్కన కుర్చీ వేసుకుంటామంటే ఒళ్ళు మండేది. ఆ డిగ్రీ సర్కారు పంతులు ఉద్యోగానికి చెల్లుతుందని జీవో ఉంది కనుక పైకి ఏమీ అనేవాడు కాదు. ఖమ్మంలో డీఎస్సీ సర్టిఫికెట్లు సరిచూసే డ్యూటీ పడ్డప్పుడు మాత్రం ఓపెన్ డిగ్రీ ఫైళ్ళన్నీ తన టేబుల్ మీదికే అడిగి తెప్పించుకున్నాడు. చెల్లుతుందని జీవోలో ఉంది గాని, అనుమానించొద్దని లేదు గదా!

అది రెండువేల ఏడు చలికాలం. వనజ ఫైలు చేతికొచ్చింది. చర్ల దారిలో, అడవి లోపలి కోయగూడెం పిల్ల. మార్కుల జాబితాలు, పాల్వంచలో ఆదివారం క్లాసులకు వెళ్ళినట్టు హాజరు పత్రం, ఆ తర్వాత చేసిన బీఈడీ, అన్నీ వరసగా ఉన్నాయి. మాస్టారు కాగితాలను వెలుగుకు ఎత్తి చూశాడు, ముద్రలను గోటితో గీకి చూశాడు. తప్పు దొరకలేదు. దొరక్కపోయేసరికి అనుమానం రెట్టింపయింది.

ఎవరూ అడగని కాగితం ఒకటి జతచేయడమే వనజ చేసిన పొరపాటు. డిగ్రీ చదివిన మూడేళ్ళూ ఆమె గూడెం బడిలో విద్యా వాలంటీరు. పనికొస్తుందని ఆ బడి హాజరు పట్టీ నకలు కూడా పెట్టింది. మాస్టారు క్యాలెండరు ముందేసుకుని దాన్ని తేదీ తేదీకీ చూశాడు. ఆయన ముఖం వికసించింది. వనజను టేబుల్ దగ్గరికి పిలిచాడు.

"ఏమ్మా, మీ బడి ఆదివారం కూడా నడుస్తుందా?"

"అవ్ సార్. మంగళవారం సంత. పిల్లలందరు అమ్మానాయినల ఎంబడి సంతకు పోతరు. గందుకే మంగళవారం సెలవిచ్చి, ఐతారం బడి పెడతం."

"బాగుంది. ఆదివారం ఇక్కడ బడిలో సంతకం పెట్టావు. అదే ఆదివారం పాల్వంచ క్లాసులోనూ పెట్టావు. ఒక్క మనిషివి, రెండుచోట్ల ఎట్టా ఉన్నావమ్మా?"

వనజ ముఖం పాలిపోయింది. "డిగ్రీ నేనే చదివిన సార్," అంది. హాజరు పట్టీ నకలును వెనక్కి తీసుకోబోయింది.

దొంగ దొరికిందనుకున్నాడు మాస్టారు. పై అధికారి విసుక్కుని, "అంత అనుమానమైతే మీరే వెళ్ళి విచారించి రండి. ఆ మూడేళ్ళ ఆదివారాలూ ఆమె బడిలోనే ఉందని తేలితే డిగ్రీ దొంగదే. పోస్టు తర్వాతి వాళ్ళకిద్దాం," అన్నాడు.

చెప్పాపెట్టకుండా ఆదివారమే బయల్దేరాడు మాస్టారు. చర్ల బస్సు దిగి నాలుగు మైళ్ళు నడిచేసరికి గూడెం పెద్ద బొజ్జయ్య ఎదురొచ్చి, మంచం వాల్చాడు. చుట్టూ మనుషులు చేరారు.

"పెద్దాయనా, మీ వనజ వాలంటీరుగా ఉన్నప్పుడు ఆదివారాలు బడికి వచ్చేదా?"

బొజ్జయ్య అందరి ముఖాలూ చూశాడు. పిల్ల బడి ఎగ్గొట్టిందని ఎవరో పిటిషన్ పెట్టి ఉంటారు, ఈ సారు దానిమీదే వచ్చిండు అనుకున్నాడు.

"రాకపోవుడేంది సారూ? ఒక్క ఐతారం నాగా పెట్టలె. పొద్దుగాల వస్తె పొద్దుమూకిందాక బడిలనే ఉండేది."

చుట్టూ ఉన్నవాళ్ళు "అవ్, అవ్" అన్నారు. జరం వచ్చినా వచ్చిందని ఒకరు, వాన పడ్డా వచ్చిందని ఒకరు. వాళ్ళు పొగిడిన కొద్దీ మాస్టారి కలం పరుగెత్తింది. చదివి వినిపించి, తొమ్మిది వేలిముద్రలు వేయించుకున్నాడు. వనజ ఇప్పుడెక్కడుందని అడగడం మాత్రం ఆయనకు తోచలేదు.

పోయేముందు బడి కూడా చూసిపోదామని వెళ్ళాడు. లోపల ఇరవైమంది పిల్లలు బోర్డు చూసి లెక్కలు చేస్తున్నారు. వాళ్ళ ముందు, పంతులమ్మ కుర్చీలో కాకుండా నేలమీద, ఒక పెద్దావిడ కూర్చుని ఉంది.

"నేను వనజ తల్లిని సారూ, భీమక్కను. కొత్త పంతులు ఇంక రాలె, గందుకే నా బిడ్డే చెప్తాంది. రేపు కాయితాల పనుందని పొద్దుగాలనే ఖమ్మం పోయింది."

"మరి ఈ లెక్కలు?"

"రాత్రే రాసిపెట్టి పోయింది. పాల్వంచ క్లాసులకు పోయిన మూడేండ్లు గిట్లనే. శనివారం బోర్డు నిండ రాసేది. ఐతారం తెల్లారకముందే బస్సుకు పోయేది. నాకు అచ్చరం రాదు. లొల్లి చెయ్యకుండ కూసోబెడత, గంతే. వచ్చినంక లెక్కలు దిద్ది, సంతకం పెట్టేది."

మాస్టారు ఒక పిల్ల పలక తీసుకుని చూశాడు. లెక్క సరిగ్గా ఉంది. ఇరవైఆరేళ్ళ సర్వీసులో తాను లేని రోజున తన క్లాసు ఇలా నడిచిన జ్ఞాపకం ఆయనకు లేదు. సిగ్గేసింది. జేబులో తొమ్మిది వేలిముద్రలున్నాయి. ఆ పిల్ల ఉద్యోగాన్ని ఊడగొట్టే కాగితం అది, రాసింది తానే.

గబగబా వెనక్కి వచ్చాడు. "పెద్దాయనా, మాట మార్చి చెప్పండి. ఆదివారాలు ఆమె పాల్వంచ పోయిందనండి. నిజం అదే గదా!"

బొజ్జయ్య కళ్ళు చిన్నవయ్యాయి. "నలుగురి ముంగట వేలేసినంక మల్ల మాట మార్సుడు మా దగ్గర లేదు సారూ. బడికి రాలేదని మా నోటితో చెప్పించి, పిల్ల నౌకరీ తీసేద్దామనా?"

"అయ్యో, ఈ కాగితం ఉంటేనే ఉద్యోగం రాదు!"

ఆయన ఎంత విడమరిచి చెబితే వాళ్ళు అంత దగ్గరగా జరిగి, అంత అనుమానంగా చూశారు. ఇక లాభం లేదని మాస్టారు కాగితం తీసి, వాళ్ళ ముందే నాలుగు ముక్కలు చేశాడు.

ఆయన వెనకాలే వచ్చిన భీమక్క గుండె బాదుకుంది. "నా బిడ్డ మంచిదని తొమ్మిదిమంది వేలేస్తె చింపిండే! ఏం పగ సారూ నీకు?"

"ఉద్యోగం వస్తుందమ్మా. నామాట నమ్ము," అన్నాడు మాస్టారు.

నమ్మమనడానికి ఆయన చేతిలో చింపిన ముక్కలు తప్ప ఏమీ లేవు.