బహ్లాలో దుబాయోళ్ళు

రఘుపతి మిట్టమధ్యాహ్నం పరంజా మీదే కూలిపోయాడు. ఎండాకాలం ఆ వేళప్పుడు బయట పని చేయించకూడదని అక్కడ చట్టముంది. చట్టం ఏసీ గదిలో ఉంటుంది, కూలివాడు ఎండలో ఉంటాడు! ఫోర్‌మన్ శవం మీద టార్పాలిన్ కప్పించి పికప్‌లో పంపేసి, "యల్లా, యల్లా!" అని మిగతావాళ్ళను పనిలోకి తరిమాడు. రఘుపతి ఊరివాడే అయిన లింబాద్రి తాపీ విసిరికొట్టి కిందికి దిగాడు.

ఇదంతా ఎలీనా చూసింది. డాక్యుమెంటరీలు తీసే మనిషి. మెక్సికో నుంచి అమెరికా తోటల్లోకి కూలికి వెళ్ళినవాడి మనవరాలు. అమెరికాలో మెక్సికన్ అంటారు, మెక్సికోలో అమెరికన్ అంటారు. నేనెవరినని వెతుక్కుంటూ, తనలాంటి వలసజనం దగ్గరికి వచ్చింది. మొదటిరోజు "మీరెవరు?" అని అడిగితే, కూలీల క్యాంపు మొత్తం "దుబాయోళ్ళం" అంది. ఇది ఒమాన్‌లోని బహ్లా కదా అని ఆమె తెల్లబోయింది. మనవాళ్ళకు గల్ఫ్ అంతా దుబాయే మరి!

ఆ మాటే ఇప్పుడు కొంప ముంచింది. రఘుపతి భార్య సుమలత ఊళ్ళో "మా ఆయన దుబాయిల సచ్చిండు" అని అధికారుల చుట్టూ తిరిగింది. వాళ్ళు దుబాయిలో వెతికారు. శవమేమో మస్కట్ మార్చురీలో ఉంది.

రూమ్‌లో నిద్రలో గుండెపోటుతో పోయాడని తోటివాళ్ళు సంతకాలు పెడితే, శవాన్ని వెంటనే పంపిస్తామంది కంపెనీ. దానికి గుండె లేదు గానీ, చచ్చిన ప్రతివాడికీ గుండెపోటు సిద్ధంగా ఉంచుతుంది.

డ్యూటీ దిగాక రూమ్‌లో వాదన మొదలైంది.

"పెడ్దం రా! పెండ్లాం పిల్లలు ఆఖరిసూపు సూసుకోవద్దా?" అన్నాడు పెద్దవాడు లచ్చన్న.

"అబద్ధం జెప్పి పంపుదమా?" అని లింబాద్రి ఎలీనా వైపు తిరిగాడు. "పాటలు పాడుమంటవ్, వంటలు తీస్తవ్. మా సావు పనికిరాదా?"

ఆమె డ్రైవర్, కడప నిసార్ అహ్మద్, ఆ మాట ఇంగ్లీషులో చెప్పాడు. ఆమె ముఖం మాడిపోయింది. ఆమె జవాబు నిసారే తెలుగులో చెప్పాడు.

"వాళ్ళ తాత గూడా నారింజతోటలో ఎండకే పడిపోయినాడంట. గుండె ఆగిందని చెప్పినారంట. వాళ్ళవ్వ అదే నమ్మి సచ్చిపోయిందంట. ఇప్పుడు ఇదే తీస్తానంటాంది."

లింబాద్రి సుమలతకు ఫోన్ చేశాడు. శవం మస్కట్‌లో ఉందని చెప్పాడు. సంతకాల సంగతీ చెప్పాడు. ఆమె ఏడ్చింది.

"ఎండల పనిజేసుకుంట సచ్చినోన్ని పండుకొని సచ్చిండంటరా? లేటైతే కానియ్యే అన్నా. పెట్టకుండ్రి."

ఫోన్ స్పీకర్‌లో ఉంది. లచ్చన్న తల దించుకున్నాడు.

తెల్లారి పనికి తీసుకెళ్ళే బస్సులు వచ్చాయి, ఒక్కడూ ఎక్కలేదు. పోలీసులు దిగారు. ఎలీనా కెమెరా లాక్కున్నారు, లింబాద్రికి బేడీలు వేసి జీపెక్కించారు. ఇక వీళ్ళ పని అయిపోయిందనుకున్న ఫోర్‌మన్, లచ్చన్న ముందు కాగితం, పెన్ను పెట్టాడు.

లచ్చన్న చేతులు వెనక్కి కట్టుకున్నాడు. "ఎండకు సచ్చిండు! ఎండకు సచ్చిండని రాయి!"

పక్కవాడు అదే మాట హిందీలో అరిచాడు. నేపాలీవాడు, బెంగాలీవాడు తమ తమ భాషల్లో అందుకున్నారు. అందరూ జీపుకు అడ్డంగా నేల మీద కూర్చున్నారు. జీపులో లింబాద్రి బేడీల చేతులు పైకెత్తాడు. ఎలీనా కూడా వాళ్ళ మధ్య కూలబడి అరుస్తోంది, ఇంగ్లీషులో కాదు, తాత భాషలో.

జీపు నడిపే పోలీసు హారన్ కొట్టాడు. అడ్డంగా కూర్చున్నవాళ్ళు ఒక్కరూ లేవలేదు.