దొరసాని ఇచ్చిన ఆకు

దెబోరమ్మకు కొండ నచ్చలేదు. కొండలో ఏది నచ్చలేదని ఎవరైనా అడిగితే ఆవిడకు ఇంకా కోపం వచ్చేది, ఎందుకంటే చెప్పడం మొదలుపెడితే పొద్దు వాలిపోతుంది. మంచు నచ్చలేదు. చలిజ్వరం నచ్చలేదు. చోడి అంబలి వాసన నచ్చలేదు. చెప్పాపెట్టకుండా వరండా మెట్ల మీద వచ్చి కూర్చుని, పలకరించకుండా గంటసేపు తననే చూసి, అంతే చెప్పాపెట్టకుండా లేచిపోయే మనుషులు అసలే నచ్చలేదు. భీమునిపట్నంలో సముద్రపు గాలికి పెరిగిన మనిషిని తెచ్చి ఈ అరకు లోయలో పడేశారని ఆవిడ బాధ.

పడేసింది ఆవిడ భర్త సమూయేలు మేష్టరు. గూడెం వైపు పితూరీ చల్లారిన కొత్తలో మిషను వాళ్లు ఇక్కడ ఒక బడి, బడిలోనే గుడి పెడతామంటే, దేవుడు పిలిచాడని ఎగిరి గంతేసి వచ్చాడు. దేవుడు పిలిచింది ఆయన్ని, నన్ను కాదు అని దెబోరమ్మ ఆ రోజునుంచీ అంటూనే ఉంది. ఆయన వింటూనే ఉన్నాడు. వినడంలో ఆయన్ను మించినవాడు లేడు.

ఆ కొండ మీద ఆవిడకు నచ్చింది ఒక్కటే, వరండాలో ఉన్న మొక్క. ఇప్పుడు మనం రణపాల అని ఊరికే పెరట్లో పడేసుకునే మొక్కే అది. అప్పట్లో ఆ చుట్టుపక్కల ఎవరూ ఎరగరు. ఏడాదికోసారి డోలీలో కొండెక్కి వచ్చే మిషను దొరసాని ఒకసారి దళసరి ఆకు ఒకటి తెచ్చి దెబోరమ్మ చేతిలో పెట్టి, "దీనిని మన్నుపై ఉంచుము, ఇదియే మొలకెత్తును" అని చెప్పి వెళ్లింది. దొరసాని తెలుగు పుస్తకాల్లో నేర్చిన తెలుగు. ఆవిడ మాట్లాడితే కొండవాళ్లకు అర్థం కాదు, కొండవాళ్లు మాట్లాడితే ఆవిడకు అర్థం కాదు. మధ్యలో దెబోరమ్మ ఉండాలి. ఆ మధ్యలో ఉండటమంటే దెబోరమ్మకు భలే ఇష్టం.

చెప్పుకోవాలంటే మొక్కను బాగానే పెంచింది. ఖాళీ బిస్కట్ల డబ్బా అడుక్కి మేకుతో చిల్లులు పొడిచి, ఇసకా పెంకుముక్కలూ కలిపిన మట్టి పోసి, ఆకును దానిమీద బోర్లా పెట్టింది. ఆకు అంచున గంటు గంటుకూ ఒక చిన్న మొక్క లేచింది, వేళ్లతో సహా. మంచి పిల్ల ఒకటి ఉంచి తక్కినవి గిల్లేసింది. మట్టి ఎండితే తప్ప నీళ్లు పోసేది కాదు. ముసురు పడితే లోపలికి, ఎండ వస్తే బయటికి మోసేది. శనివారం సాయంత్రం తడిగుడ్డతో ఆకులన్నీ తుడిచేది, ఆదివారం గుడికొచ్చేవాళ్లు చూడాలి కదా మరి. కన్నపిల్లలు లేని ఇంట్లో ఆ డబ్బాకు జరిగిన ఉపచారం ఇంతా అంతా కాదు.

కాని ఆ మొక్కకు ఒక దుర్గుణం ఉంది. ముదిరిన ప్రతి ఆకూ అంచుల్లో పిల్లల్ని పెడుతుంది. వద్దన్నా పెడుతుంది. రాలిన ఆకు గచ్చు మీద పడి ఉన్నా పెడుతుంది. ఒకనాడు కనక వచ్చి మెట్ల మీద కూర్చుని వాటికేసి చూసింది. ఊళ్లో సోంబరు అనే ఆయన కోడలు కనక, బాప్తిస్మంలో మార్త అని పేరు పెట్టినా ఎవరూ పిలవని కనక. చాలాసేపు చూసి, "అమ్మగోరూ, ఆ పిల్ల ఒకటి నాకు ఇత్తారేటి?" అంది.

"నీకెందుకే? మేకలకు మేపడానికా?" అంది దెబోరమ్మ.

కనక ఆ ఆకుల వైపు ఇంకోసారి చూసింది. కాసేపు కూర్చుని లేచి వెళ్లిపోయింది. దెబోరమ్మకు మాత్రం ఒళ్లు మండిపోయింది. దొరసాని ఇచ్చిన మొక్క రేపు సోంబరు గుడిసె ముందు పందుల మధ్య ఉంటే ఇంక తన వరండాకు విలువేమిటి? ఆనాటి నుంచి ప్రతి పొద్దూ మొక్క ముందు వంగుని, పుట్టిన ప్రతి పిల్లనూ గోటితో గిల్లి, దోసిట్లో వేసుకుని, వెనక్కి పోయి పెంటకుప్ప మీద విసిరేసేది. గిల్లుతున్నంతసేపూ నోరు ఊరుకోదు.

"ఛీ, దరిద్రం! ఎక్కడ పడితే అక్కడ పుట్టుకొస్తుంది. పో, నా కళ్లముందు నుంచి పో!"

ఆ మాట మొక్కను అంటున్నదో, కంచె అవతల నిలబడి చూస్తున్న ఊరిని అంటున్నదో ఆవిడకే సరిగ్గా తెలియదు. రెండింటికీ సరిపోతుందని మాత్రం తెలుసు.

ఇక్కడ ఆ పెంటకుప్ప సంగతి చెప్పాలి. మిషను ఆవుల పేడంతా ఆ కుప్పలోకే పోయేది. తొలకరికి ముందు బాప్తిస్మం తీసుకున్న ఇళ్లవాళ్లు తట్టలు పట్టుకొచ్చి ఆ ఎరువు పంచుకుని, పెరళ్లలో గుమ్మడిపాదులకూ చోడిమళ్లకూ వేసుకోవాలని మేష్టరు పెట్టిన ఏర్పాటు. వాళ్లు వచ్చిన రోజు దెబోరమ్మ ముక్కుకు చెంగు అడ్డం పెట్టుకుని తలుపులు బిడాయించుకునేది. ఏ తట్టలో ఏం వెళ్లిందో ఆవిడ చూడలేదు. అసలు తాను ఆ ఊళ్లోకి అడుగుపెట్టి ఎన్నాళ్లయిందో కూడా ఆవిడకు గుర్తులేదు.

వలిసె చేలు పసుప్పచ్చగా పూసే వేళకు కోతపండుగ వచ్చింది, దొరసాని వచ్చింది. ఈసారి దెబోరమ్మ తెల్లారకముందే లేచి డోలీ వచ్చే దారి చూసింది. సాలూరులో ఆడపిల్లల హాస్టలు చూసుకోవడానికి ఒక పెద్దమ్మ కావాలని, మేష్టరుకూ అక్కడి బడిలోనే చోటిస్తారని ముందే తెలిసింది. సాలూరంటే కొండ కింద. సాలూరంటే సంత, బళ్లు, మాట్లాడితే బదులు చెప్పే మనుషులు. అది దక్కకపోతే ఈ మంచులోనే తన ఎముకలు కుళ్లిపోతాయని ఆవిడ నమ్మకం.

దొరసాని డోలీ దిగి వరండా ఎక్కి, నిగనిగలాడుతున్న మొక్కను చూసి మురిసిపోయింది. ఇదే సమయమని దెబోరమ్మ నోరు విప్పింది.

"అమ్మా, సాలూరు పనికి నన్ను పంపించండి. పిల్లల్ని కూడా ఇలాగే చూసుకుంటాను."

"నా మనస్సునందును అట్లే ఉన్నది," అంది దొరసాని. "ఆరాధన ముగిసిన పిమ్మట గృహములు దర్శించెదము. అటుపిమ్మట చెప్పెదను."

ఆరాధన అంతా దెబోరమ్మ సాలూరులోనే ఉంది. గుమ్మడికాయలూ, కోళ్లూ, సామల బుట్టలూ బల్ల ముందు పెడుతుంటే ఆవిడ ట్రంకుపెట్టెలో ఏ చీర పైన సర్దాలో ఆలోచిస్తోంది. కీర్తన ముగిసింది. ముగ్గురూ ఊళ్లోకి బయలుదేరారు, ముందు దొరసాని, పక్కన దెబోరమ్మ, వెనక మేష్టరు.

మొదటి ఇల్లు భీముడిది. గుమ్మం పక్కన పగిలిన కుండలో రణపాల మొక్క. దెబోరమ్మ కాలు ఆగిపోయింది. పక్కింటి ముందు మట్టి అరుగు కట్టి అందులో రణపాల. ఆ పై ఇంటి ముందు రెండు. సువార్తలో కలిసిన ప్రతి ఇంటి గుమ్మానికీ, ఒక్కటీ తప్పకుండా, రణపాల. కలవని ఇళ్ల ముందు లేదు. ఆకులన్నీ తడిగుడ్డతో తుడిచి ఉన్నాయి.

దొరసాని ఒక్కొక్క గుమ్మమూ చూసుకుంటూ నడుస్తోంది. ఆవిడ కళ్లు పెద్దవవుతున్నాయి. దెబోరమ్మ చెంగు నడుముకు దోపింది. దొంగతనం అని అరవబోయింది కాని, విసిరేసినదాన్ని ఏరుకుంటే దొంగతనం ఎలా అవుతుంది?

సోంబరు ఇంటి ముందు కనక నిలబడి ఉంది. తెల్లచీర కట్టుకుంది. అందరికంటే ఆవిడ మొక్కే గుబురుగా ఉంది.

"ఇది ఎక్కడిదే?" అంది దెబోరమ్మ పళ్ల బిగువున.

"మీదే, అమ్మగోరూ. గుమ్మడిపాదులో మొలిసింది. మిసను ఎరువులోంచి వచ్చింది గదా అని అందరం గుమ్మాల కాడికి తెచ్చీసినాం. పాత దేవతకి ఊరి బయట రాయి ఉండీది. కొత్త దేవుడికి ఈ మొక్కేనని మాకు ఎవులూ సెప్పనేదు. మీరు రోజూ మొక్కుతుంటే సూసి తెలుసుకున్నాం."

"నేను మొక్కడమేమిటే?"

"రోజూ పొద్దున్నే ఒంగి మంత్రం సదూతారు కదండీ. మాకూ వచ్చును."

అని కనక మొక్క ముందు వంగి, కళ్లు మూసుకుని, ఒక ఆకును రెండు వేళ్లతో పట్టుకుని, లోగొంతుతో గబగబా చెప్పింది. "సీ, దరిద్రం. ఎక్కడ పడితే అక్కడ పుట్టుకొత్తాది. పో, నా కళ్లముందల నించి పో." చెప్పి, చెంగుతో ఆకు తుడిచి కళ్లకద్దుకుంది. "ఇది సదివితే ఇంట్లో దరిద్రం పోద్దంట. జొరం కూడా. మా పిల్ల గుంటకి తగ్గింది."

వెనక మేష్టరు దగ్గబోయి ఆపుకున్నాడు. ఆయన రోజూ వరండాలో బైబిలు చదువుకుంటూ ఆ మాటలు విన్నవాడే.

దొరసాని దెబోరమ్మ వైపు తిరిగింది. "ఈమె ఏమి పలుకుచున్నది?"

ఏం చెప్పాలి? నిజం చెబితే ఊరు ఊరంతా మొక్కకు దండం పెడుతోందని తెలుస్తుంది, మేష్టరు ఉద్యోగం ఆ పూటే ఊడుతుంది. ఆ మంత్రం ఎవరిదో కూడా చెప్పాలి. తన తిట్టు కనక నోట అంత భక్తిగా వినేసరికి దెబోరమ్మకు మొదటిసారి దాని రుచి తెలిసింది. తలెత్తలేకపోయింది.

"ప్రార్థన చేస్తోందమ్మా," అంది.

"నీవు నేర్పినదా?"

"...నేనే."

"నేనిచ్చిన ఒక్క ఆకును నీవు ఇన్ని గృహములకు పంచితివా?"

దెబోరమ్మ మేష్టరుకేసి చూసింది. ఆయన శ్రద్ధగా ఆకాశం చూస్తున్నాడు.

"పంచానమ్మా," అంది.

దొరసాని కళ్లు తుడుచుకుని దెబోరమ్మ రెండు చేతులూ పట్టుకుంది. "సాలూరునకు వేరొకరు దొరకుదురు. నీవంటి స్త్రీ ఈ కొండకు దొరకదు. నిన్నిచ్చటనుండి తీసినయెడల దేవుడు నన్ను క్షమింపడు. నీవు ఇచ్చటనే ఉండవలెను, దెబోరా, నీ జీవితకాలమంతయు."

కనకకు ఆ భాష అర్థం కాలేదు. అమ్మగోరు ఎక్కడికీ పోదని మాత్రం దొరసాని పట్టు చూసి గ్రహించింది. చాటంత మొహం చేసుకుని నవ్వింది.

మర్నాడు పొద్దున డోలీ కొండ దిగిపోయింది. దెబోరమ్మ అది మలుపు తిరిగేదాకా చూసి, వరండాలోకి వచ్చి, మొక్క ముందు వంగింది. రాత్రికి రాత్రి ఇంకో ఆకు అంచున పిల్లలు లేచాయి. ఏడుపు ముంచుకొచ్చింది. ఏడవడం చేతకాక, అలవాటు కొద్దీ గోటితో గిల్లి, "ఛీ, దరిద్రం! పో, నా కళ్లముందు నుంచి పో!" అంది.

కంచె అవతల నుంచి పదిమంది గొంతులు ఒక్కసారిగా, "ఆమేన్," అన్నాయి.