మడతయ్య ఎండెక్కిన రోజు

ఇస్త్రీపెట్టెకి దణ్ణం పెట్టుకుని, ఆ తర్వాత గోడకొకటి చొప్పున నాలుగు గోడలకీ పెట్టాడు మడతయ్య. హోటలు అడుగున, కిటికీ లేని ఆ గదిలో సూర్యభగవానుడు ఎటువైపు ఉంటాడో ఇన్నేళ్ళయినా తేలలేదు. ఏ గోడనీ చిన్నబుచ్చడం ఎందుకని అన్నిటికీ మొక్కేవాడు.

ఏడాది పొడుగునా ఎండ కాసే ఊరని విని దేశం దాటి వచ్చిన మనిషి. దిగిన రోజే గడ్డిటోపీ కొన్నాడు. వచ్చి హోటలు లాండ్రీ ఆవిరిలో పడ్డాడు. టోపీ మేకుకి వేలాడింది. పైన ఈతకొలను దగ్గర తెల్లచొక్కాతో నిటారుగా నిలబడాలన్నదే ఆయన కోరిక. ఇవాళ అక్కడి పనివాడు మానేస్తే మేనేజరు ఈయన్ని రమ్మన్నాడు. పని నచ్చితే అక్కడే ఖాయం. ఈ వయసులో మళ్ళీ పిలుపు రాదు.

"పెళ్ళికొడుకులా ఉన్నావు మావా!" అన్నాడు గదిలో తోడుండే వంటవాడు. "ఆ టోపీ దులుపు. సాలీడుకి అద్దెకిచ్చినట్టున్నావు."

"నోరుముయ్. రేపట్నించి ఈ ఆవిరి నువ్వే పీల్చుకో."

పైకెళ్ళేసరికి కళ్ళలో కారం కొట్టినట్టయింది. దణ్ణం సంగతే మరిచాడు. కొలను చుట్టూ వాలుకుర్చీలు, వాటి మీద నలిగిన తువ్వాళ్ళు. మనుషులు లేరు. అంత నలుగుడు చూసి మడతయ్య ప్రాణం విలవిల్లాడింది. అన్నిటినీ ఏరి, కిందికి మోసుకుపోయి, ఇస్త్రీ చేసి తెచ్చి, గోడ కట్టినట్టు ఒక మూల పేర్చాడు.

తువ్వాలు పరిస్తే కుర్చీ తమదని అక్కడి అతిథుల కట్టుబాటు. అడుగున ఉన్నవాడికి ఎవరు చెబుతారు? ఫలహారం ముగించి వచ్చినవాళ్ళు కుర్చీల కోసం కలబడ్డారు. ఒక ముసలావిడ ఎవరో పెద్దమనిషి ఒళ్ళోనే కూర్చుని, లేవనంటే లేవనంది.

"ఎవరు తియ్యమన్నారయ్యా?" అని అరిచాడు మేనేజరు.

"ముడతలున్నాయి సార్."

మేనేజరు కిందికి దిగే మెట్లవైపు వేలు చూపించాడు.

సాయంత్రం వంటవాడు పొట్ట పట్టుకుని నవ్వి, ఆయన మెడ చూసి ఆగిపోయాడు. "కందిపోయింది మావా!"

"ఈ కాస్త ఎండకి ఇంత దూరం వచ్చానురా. మా పెరట్లో ఊరికే కాస్తుంది. మీ అత్త అందులో బట్టలారేసుకుంటుంది." మెడ తడుముకుంటూ, "దేవుడు పంపాడంటావా, నేనే వచ్చానంటావా?" అన్నాడు.

వంటవాడు కాస్త పెరుగు తెచ్చి ఆయన మెడకి రాశాడు.

ఆ నెలాఖరున, తెల్లవారుతుండగా బట్టలపెట్టె పట్టుకుని హోటలు గేటు దాటాడు మడతయ్య. తూర్పు ఎటో కనబడుతూనే ఉంది. ఒక్క దణ్ణమే పెట్టి విమానాశ్రయానికి కారెక్కాడు.

కింద ఇస్త్రీబల్ల మీద గడ్డిటోపీ ఉంది, బూజు దులిపి, అంచున ఒక్క ముడతయినా లేకుండా ఇస్త్రీ చేసి.