పక్కనే ఉంది

లైసెన్సు ఆమెది, మాటలు అతనివి. పంపుల మేస్త్రీ ఇంట్లోకి, దూరాల వాళ్లతో మాట్లాడుకునే హామ్ రేడియో సెట్టు వచ్చినప్పటి నుంచీ ఇదే ఏర్పాటు. పరీక్ష రాసి పాసైంది భార్య. లైసెన్సు లేనివాడు మైకు పట్టుకోవాలంటే, అది ఉన్న మనిషి వచ్చి పక్కన కూర్చోవాలన్నది నియమం. ఆమె బఠాణీలు ఒలుస్తూ కూర్చునేది. అతను లోకంలో ఉన్న పంపులన్నిటినీ, వాటిని కొన్నవాళ్లనూ తిట్టి ముగించాక, మైకు లాక్కుని, లైసెన్సుతో పాటు ఇచ్చిన గుర్తింపు అక్షరాలు, తమ కాల్ సైన్ చెప్పేది. ఎవరు మాట్లాడినా చివర అది చెప్పి తీరాలి. ఆఖరి అక్షరాన్ని ఆమె కాస్త సాగదీసేది.

"నువ్వూ ఆ పరీక్షేదో రాయొచ్చుగా?" అనేది.

"ఈ వయసులో చిన్నపిల్లల పక్కన బెంచీ మీద కూర్చోమంటావా? నీది ఉందిగా, చాల్లే."

చలికాలంలో ఆమె పోయింది. మేస్త్రీ ఆ సంగతి రేడియోలో చెప్పలేదు. చెబితే మైకు పోతుంది. రేడియోలో వినపడే ఆ గొంతులు తప్ప అతన్ని పలకరించే దిక్కు లేదు. వచ్చిన నలుగురు బంధువులనూ అంత్యక్రియలు ముగియకముందే తిట్టి పంపేశాడు.

పొద్దున్నే రేడియోలో అందరి హాజరూ పిలిచేవాడు రిటైరైన బస్సు కండక్టరు.

"బావా, చెల్లెమ్మ పక్కనుందా?"

"పక్కనే ఉంది."

"గొంతు వినపడదేం?"

"నా మీద అలిగింది."

"సరేలే. అలక తీరాక పలకమను."

వేసవికి లైసెన్సు గడువు దగ్గరపడింది. మేస్త్రీ కాగితాలు పట్టుకుని ఆఫీసుకు వెళ్లాడు. కిటికీ అవతల కూర్చున్న గుమాస్తా ఫోటో చూసి తలెత్తింది.

"అమ్మగారు రాలేదా?"

"మంచంలో ఉంది."

"అయ్యో. పర్లేదండీ, ఇంటికే మనిషిని పంపి సంతకం తీసుకుంటాం. ఎప్పుడు రమ్మంటారు?"

అతను గొడవకు సిద్ధపడి వచ్చాడు. మంచితనానికి కాదు.

"ఆమె ఎవర్నీ చూడదు."

"సంతకం లేకపోతే రేపటితో ఆ కాల్ సైన్ ఆగిపోతుంది, పెద్దాయనా. ఆ తర్వాత వాడితే సెట్టు పట్టుకుపోతారు."

కాగితాలు లాక్కుని ఇంటికొచ్చేశాడు.

మర్నాడు కండక్టరు ఎప్పటిలాగే అడిగాడు. "బావా, చెల్లెమ్మ పక్కనుందా?"

మేస్త్రీ పక్క కుర్చీ వైపు చూశాడు. దాని మీద తన పనిముట్ల సంచి ఉంది.

"లేదు. పోయింది. చలికాలంలోనే."

పోయినవాళ్ల కాల్ సైన్‌ను ఒక్కసారి పిలిచి, జవాబు కోసం ఆగడం రేడియోవాళ్ల ఆనవాయితీ. కండక్టరు పిలిచాడు. అందరూ ఆగారు.

"మాకు తెలుసు బావా," అన్నాడు తర్వాత, మెల్లగా.

"ఏం తెలుసు?"

"చలికాలం నుంచీ నీ మాటల చివర కాల్ సైన్ లేదు. అది చెప్పేది చెల్లెమ్మేగా. నువ్వెప్పుడైనా చెప్పావా?"

చెప్పలేదు. చెప్పాలన్న ఆలోచన కూడా అతనికి రాలేదు.

"తెలిసీ రోజూ అడిగావా, పక్కనుందా అని?"

"అడక్కపోతే నీకు అనుమానం వచ్చేది. నువ్వు మైకు వదిలేస్తావని భయపడ్డాం."

"నా అబద్ధాన్ని పొద్దుటి కాఫీతో కలిపి తాగారన్నమాట. అందరూ కలిసి."

"అది కాదు బావా. పరీక్ష రాయి. మేం నేర్పుతాం..."

"నోర్ముయ్. నీకు చెల్లెలూ లేదు, బావా లేడు."

మైకు పెట్టేయబోయి ఆగాడు. కాల్ సైన్ చెప్పాడు, జీవితంలో మొదటిసారి. ఆఖరి అక్షరాన్ని ఆమెలా సాగదీయబోయాడు. నీళ్లందని పంపు గాలి పీల్చినట్టు వచ్చింది గొంతు.

సెట్టు ఆపేశాడు. సంచిలోంచి కటింగ్ ప్లేయరు తీసి, కిటికీ దగ్గర యాంటెన్నా తీగను గోడ దగ్గరికంటా కత్తిరించాడు.

లైసెన్సుకు ఇంకా సాయంత్రం దాకా గడువుంది.