గోళ్ళరంగు చుక్క

"జావ పొంగుతోంది, కనపడట్లేదా? ఎప్పుడు చూడు ఆ ఫోనుతో ముచ్చట్లే" అన్నాడు గువో దెహాయ్, పొయ్యికి రెండడుగుల దూరంలో చేతులు వెనక్కి కట్టుకుని నిలబడి.

సూలాన్ బాల్కనీలోంచి పరిగెత్తుకొచ్చి మంట తగ్గించింది. ఆ మీట తిప్పడం ఆయనకి రాక కాదు. ఇరవై ఎనిమిదేళ్ళ కాపురంలో ఎప్పుడూ ఆ అవసరం పడలేదంతే. పొద్దున్నే అత్తయ్యకి పలచటి బియ్యం జావ, పక్కన ఊరేసిన ముల్లంగి ముక్కలు పడాలి. "మీ హునాన్ వాళ్ళ చేతి కారం నా కడుపులో మంట" అని కోడలి పుట్టింటి వైపుని సణుగుతూనే రెండు గిన్నెలు ఖాళీ చేస్తుందావిడ. అత్తయ్య మూతి తుడిచి, గిన్నెలు కడిగి, సూలాన్ మళ్ళీ బాల్కనీలోకి వెళ్ళింది. అక్కడ బట్టల తీగ కింద మడత బల్ల ఉంది. దానిమీద సోల్డరింగ్ ఐరన్, గోరంత చిప్పు ఉన్న చిన్న బోర్డు, ఎర్రటి గోళ్ళరంగు సీసా ఉన్నాయి.

షెన్‌జెన్ ఎలక్ట్రానిక్స్ మార్కెట్‌లో, మూడో అంతస్తులో, అడిగినవాళ్ళకి ఎలక్ట్రానిక్ బోర్డులు చేసిచ్చే మీటరు పొడవు కౌంటరు వాళ్ళకి ఉంది. ఇంజనీర్లని ఇంటిపేరుకి 'గోంగ్' తగిలించి గౌరవంగా పిలవడం అక్కడి మర్యాద. ఎనిమిదో తరగతి దాటని దెహాయ్, కౌంటరు వెనక కుర్చీ వేసుకున్న రోజునుంచే గువో గోంగ్ అయిపోయాడు. ఆ కుర్చీ పక్కనే ముక్కాలిపీట మీద కూర్చుని, వచ్చిన ప్రతి బోర్డుకీ టంకం పెట్టింది సూలాన్. ఆమె మాత్రం 'గువో గోంగ్ గారి ఆవిడ'. ఈ దేశంలో పెళ్ళైనా ఆడదాని ఇంటిపేరు మారదు. సూలాన్ ఇంటిపేరు పెంగ్. ఆ సంగతి మార్కెట్‌లో ఒక్కరికీ తెలియదు. సొమ్మొకడిది సోకొకడిది అంటే ఇదే.

ఇన్నాళ్ళూ బోర్డులకి ప్రోగ్రాంలు రాసిపెట్టిన దెహాయ్ మేనల్లుడు హాంగ్‌జౌలో ఉద్యోగం దొరికి వెళ్ళిపోయాడు. అదే వారం ఒక బడినుంచి ఊయాంగ్ టీచరు వచ్చింది. పిల్లలు పెంచే మొక్కల మట్టి ఎండిపోతే వాటంతటవే నీళ్ళు పోసే పెట్టెలు నలభై కావాలంది. శనివారానికి ఒక నమూనా చూపించమంది. "మన వల్ల కాదని చెప్పేస్తా" అన్నాడు దెహాయ్ ఇంటికొచ్చాక. "నేను చేస్తాను" అంది సూలాన్. ఆయన నవ్వాడు. "టంకం పెట్టడం వేరు, తలకాయతో చేసే పని వేరు."

ఈ మాట ఆమెకి కొత్త కాదు. పదిహేడో ఏట క్యాసెట్ ప్లేయర్ల ఫ్యాక్టరీలో చేరినప్పుడే విన్నది. "ఇక్కడ మీ చేతులు చాలు, బుర్రలు హాస్టల్లో వదిలేసి రండి" అనేవాడు సూపర్‌వైజరు. ఆ హాస్టల్ గదిలో ఎనిమిది మంది ఆడపిల్లలు ఉండేవాళ్ళు. పై మంచం యూఫెంగ్‌ది, కింద మంచం సూలాన్‌ది. లైన్‌లో కూడా పక్కపక్కనే. బోర్డు మీది అతుకులన్నీ సరిచూశాక, చిప్పుకుండే లోహపు కాళ్ళలో చివరిదాని పక్కన యూఫెంగ్ గోళ్ళరంగుతో ఎర్ర చుక్క పెట్టేది. 'చూశాను, బాగుంది' అని దానర్థం. చుక్క త్వరగా ఆరాలని ఇద్దరూ వంగి ఊదేవాళ్ళు. ఊదుతూ ఊదుతూ పక్కున నవ్వేవాళ్ళు. మిగిలిన రంగు ఆదివారాలు ఒకరి గోళ్ళకి ఒకరు వేసుకునేవాళ్ళు. అప్రాన్ మీద పేరుండేది కాదు, నంబరుండేది. ఆ చుక్క ఒక్కటే వాళ్ళ సంతకం. యూఫెంగ్ ఇప్పుడెక్కడుందో తెలియదు. టంకం పొగ ముక్కుకి తగిలితే చాలు, ఆ అమ్మాయి ఇప్పుడే పక్కకి లేచి వెళ్ళినట్టుంటుంది సూలాన్‌కి.

అలవాటుగా ఈ బోర్డుకీ చివరి కాలు పక్కన చుక్క పెట్టింది. ఫొటో తీసి, ఫోనులోని ఏఐకి చూపించి, తీగలు ఎక్కడ కలపాలని అడిగింది. "ఎర్ర గుర్తున్న కాలికి పవర్ తీగ కలపండి" అంది అది. సూలాన్ చెయ్యి ఆగింది. టంకం పెట్టేటప్పుడు ఆ కాలు వేడెక్కడానికి మిగతావాటికంటే ఎక్కువసేపు పట్టింది. అలా పట్టిందంటే దాని వెనక రాగి బాగా పరుచుకుని ఉంటుంది. అది ఎర్త్ కాలు. చేతికి తెలుసు. అయినా ఇన్నేళ్ళూ ఎవరు గట్టిగా చెబితే వాళ్ళ మాటే విన్నది గనక, ఈ మాటా వింది. చిటుక్కుమని బోర్డు కాలింది.

"అయిందా తలకాయ పని?" అన్నాడు దెహాయ్ లోపలినుంచి. అత్తయ్య దగ్గుతూ కిటికీ మూయించింది.

సూలాన్‌కి కోపమొచ్చింది, ఫోను మీద కాదు, తన మీద. "ఆ ఎర్ర చుక్క నేను పెట్టింది. పవర్‌కి గుర్తు కాదు. ఆ కాలు ఆలస్యంగా వేడెక్కింది, అది ఎర్త్" అని చెప్పింది. "అవును, నేను పొరబడ్డాను. పవర్ తీగకి ఎరుపే వాడతారు గనక రంగు చూసి ఊహించాను. మీరు చెప్పిందే సరి" అంది ఏఐ. మీరు చెప్పిందే సరి. ఈ ముక్క ఇంట్లో ఎవరి నోటా విన్న గుర్తు లేదు. యంత్రం అందరితోనూ ఇలాగే అంటుందేమోనని కూడా అనిపించింది. అననీ. కాలు మాత్రం ఎర్తే.

మర్నాడు రెండో బోర్డు తీసింది. ఈసారి చేతికి తెలిసింది ముందు చెప్పి, తర్వాత అడిగింది. ఏఐ రాసిన ప్రోగ్రాంని వరస వరసా అర్థం చెప్పించుకుంది. మట్టి ఎండితే నీళ్ళు పొయ్యి. తడిస్తే ఆపు. మళ్ళీ చూడు. ఇంతేనా! అత్తయ్య దగ్గితే వేణ్ణీళ్ళు, ఆయన గొంతు పెంచితే మౌనం, కూతురి చిన్నప్పుడు దానికి జ్వరమొస్తే జాగరణ, మళ్ళీ మొదటికి. ఈ ప్రోగ్రాం తాను ఇరవై ఎనిమిదేళ్ళుగా నడుపుతూనే ఉంది, రాసింది మాత్రం వేరెవరో. నీళ్ళు పోశాక మట్టిలోకి ఇంకడానికి కాస్త వ్యవధి ఇవ్వాలి, లేకపోతే కుండీ పొంగిపోతుందని ఏఐకి ఆమే చెప్పింది. శుక్రవారం సాయంత్రం బాల్కనీలోని ఉల్లికాడల కుండీకి చిన్న మోటారు దానంతటదే నీళ్ళు పోసింది, ఆగింది. సూలాన్ ఒక్కతే నిలబడి చప్పట్లు కొట్టింది.

శనివారం ఊయాంగ్ టీచరు నమూనా చూసి మురిసిపోయింది. "ఎంత బాగా ఆలోచించారు గువో గోంగ్! నీళ్ళు ఇంకేదాకా ఆగుతోందే!"

"అనుభవమండీ" అన్నాడు దెహాయ్. "మా ఆవిడ టంకం పెడుతుందంతే, తలకాయ పని నాది. ఏమే, టీచరుగారికి టీ పొయ్యి." సూలాన్ టీ పోసింది.

ఆర్డరు ఖాయమైంది. బోర్డులు అచ్చయ్యే చోటికి ఆ రోజే నక్షా పంపాలి. ప్రతి బోర్డుకీ ఓ మూల తెల్లటి అక్షరాల్లో చేసినవాళ్ళ పేరు పడుతుంది. పాత బోర్డులన్నిటి మీదా పడ్డ పేరు ఒక్కటే. పాత నక్షానే సూలాన్ ఫోనులో కొత్త పనికి సరిచేయించింది. పంపేముందు ఏఐ అడిగింది, "పాత నక్షాలో 'గువో గోంగ్' అని ఉంది. అలాగే ఉంచనా?" సూలాన్ పీట మీద కూర్చుని కాసేపు గోళ్ళరంగు సీసాని అటూ ఇటూ తిప్పింది. తర్వాత రెండు మాటలు చెప్పింది.

మూడోరోజు పొద్దున్న పార్సెల్ వచ్చింది. దెహాయ్ అట్టపెట్టె చించి ఒక బోర్డు తీసి, వెలుతురుకి ఎత్తి చూశాడు. బాల్కనీ గుమ్మం దాకా వచ్చాడు.

"పెంగ్ గోంగ్ అట! ఎవరే ఈయన?"

సూలాన్ తలెత్తలేదు. చేతిలోని బోర్డు మీద ఎర్ర చుక్క పెట్టింది. వంగి, ఆరేదాకా ఊదింది.

"నేనే" అంది. "జావ పొంగుతున్నట్టుంది, వెళ్ళి మంట తగ్గించండి."