ఓసె చేతులు

రొట్టె ముక్కలకు వెన్న పూస్తూ ఇంగెలీసె మాటిమాటికీ ఎడిటింగ్ గది తలుపు వైపు చూస్తోంది. ఫిల్మ్ సంస్థ నుంచి డాల్‌గోర్ గారు రావాలి. ఆయన సరేనంటేనే ఆమె తొలి సినిమా థియేటర్ మొహం చూస్తుంది. అయినా కాఫీ కప్పు పక్కన ప్రేబెన్ నిలబెట్టిన బుల్లి కాగితపు జెండా కనబడగానే నవ్వొచ్చేసింది. పుట్టినరోజుకి పెట్టే జెండా అది, ఇవాళ ఆమె సినిమా కోసం పెట్టాడు. పెళ్లయి రెండు నెలలు. అతను ఈల వేస్తూ బూట్లు తుడుచుకున్నా ముద్దొస్తాడు.

నిన్న అత్తగారు భోజనానికి వస్తున్నారని పని మధ్యలోనే ఇంటికి పరిగెత్తింది. రీళ్లు తను సర్ది వస్తానన్నాడు ప్రేబెన్. అతను పేరున్న కెమెరామన్. భోజనాలయ్యాక, గిన్నెలు తోముతున్న కోడలితో అత్తగారు అన్నారు: "ఒక ఇంట్లో సినిమా పిచ్చి ఒకళ్లకుంటే చాలదుటమ్మాయ్?" ప్రేబెన్ నవ్వాడు. తనూ నవ్వింది. ఎందుకు నవ్వానా అని పొద్దుటి నుంచీ గుంజాటన.

డాల్‌గోర్ గారు వచ్చి కూర్చున్నారు. తెర మీద స్కేగన్ ఊరి చేపల ఫ్యాక్టరీ ఆడవాళ్లు కత్తులు ఆడిస్తున్నారు. పని ముగిసింది. ఇప్పుడు వాళ్లలో ఓసె అనే ఆవిడ నిమ్మచెక్కతో చేతులు రుద్దుకోవాలి, చాలాసేపు. సినిమా అంతా ఆ చేతుల కోసమే తీసింది ఇంగెలీసె.

చేతులు రాలేదు. మీసాల సూపర్‌వైజర్ వచ్చాడు. అతని నోట్లోంచి ఓసె గొంతు: "ఎంత రుద్దినా ఆదివారం దాకా ఈ కంపు పోదు. మా ఆయన అటు తిరిగి పడుకుంటాడు."

డాల్‌గోర్ గారు పగలబడి నవ్వారు. అక్కణ్ణించి ఒకరి మాట ఇంకొకరి నోట్లో పడుతూనే ఉంది. బొమ్మది ఒక రీలు, మాటది ఒక రీలు. ఒకటి కత్తిరిస్తే రెండోదీ అంతే కత్తిరించాలి. ఎవరో బొమ్మ కోసి మాటను మర్చిపోయారు.

పక్కనే కూర్చున్న ప్రేబెన్ ఆమె భుజం మీద చెయ్యి వేశాడు. "కొత్త కదండీ. కంగారుపడి ఉంటుంది."

ఆ చెయ్యి ఎంత వెచ్చగా ఉంటుందో ఆమెకు తెలుసు. ఊరుకుంటే సాయంత్రం ఇద్దరూ చేతులు పట్టుకుని హార్బర్ దాకా నడుస్తారు. మాట్లాడితే ఏమవుతుందో తెలీదు. ఊరుకుంటే మాత్రం ఓసె ఎప్పటికీ ఆ మీసాల నోట్లోంచే మాట్లాడుతుంది.

"నేను కొయ్యలేదు," అంది.

అతని చెయ్యి జారింది. "నీ మంచికే కదా, బంగారం. చేతులు కడుక్కోవడం అంతసేపు ఎవరు చూస్తారు?"

"ముక్క ఎక్కడ పెట్టావ్?"

అతను మూలన, కోసిన ముక్కలు వేసే గుడ్డ బుట్ట చూపించాడు. ఆమె ఫిల్మ్ ముక్కను జాగ్రత్తగా బయటికి తీసింది. కాస్త కాఫీ తాగుతూ ఉండమనీ, అతికించి మళ్లీ మొదటి నుంచి వేస్తాననీ డాల్‌గోర్ గారితో చెప్పింది. సాయం చేద్దామని ప్రేబెన్ కత్తెర అందుకోబోయాడు.

"నువ్వు ఇంటికెళ్లు ప్రేబెన్," అంది ఇంగెలీసె మెల్లగా, అరచెయ్యి చాచి. "ఈ గది తాళంచెవి ఇచ్చి వెళ్లు."